ఆటుపోట్లు: చంద్రుడి లెక్క, తీరం తీరు

నిర్వచనం, పేర్లు

చంద్రసూర్యుల ఆకర్షణ భూమి మీద అన్నిచోట్లా ఒకేలా ఉండదు. ఆ తేడా వల్ల సముద్రమట్టం లెక్క తప్పకుండా పెరుగుతూ తగ్గుతూ ఉంటుంది. ఈ కదలికే ఆటుపోట్లు. నీరు ఒడ్డు మీదికి పొంగి రావడం పోటు, వెనక్కి తీయడం ఆటు. ఆటునే పాటు అని కూడా అంటారు. భూగోళశాస్త్ర పాఠ్యపుస్తకాల్లో వీటి పేరు వేలా తరంగాలు. సంస్కృతంలో ‘వేలా’ అన్న మాటకు సమయం, సముద్రతీరం, సముద్రపు పోటు అనే మూడు అర్థాలూ ఉన్నాయి. తెలుగు ‘వేళ’ కూడా అక్కడి నుంచి వచ్చినదే.

గాలి లేపే కెరటాలతో ఆటుపోట్లకు సంబంధం లేదు. కెరటం సెకన్లలో వచ్చిపోతుంది, పోటుకు గంటలు పడుతుంది. చాలా తీరాల్లో ఒక పోటుకూ మరుసటి పోటుకూ మధ్య 12 గంటల 25 నిమిషాలు పడుతుంది. నీరు ఎక్కిన గరిష్ఠ మట్టానికీ, దిగిన కనిష్ఠ మట్టానికీ మధ్య ఉన్న ఎత్తును పోటు తేడా అనవచ్చు. తీరాలను పోల్చేటప్పుడు ముందు చూసేది దీన్నే.

తెలుగు నుడికారంలో ‘జీవితంలో ఆటుపోట్లు’ అంటే ఎప్పుడు ఏమవుతుందో తెలియని స్థితి. సముద్రం దగ్గర పరిస్థితి ఇందుకు పూర్తిగా విరుద్ధం. తుపాను ఎటు తిరుగుతుందో, వల నిండుతుందో లేదో ఎవరూ ముందే చెప్పలేరు. ఫలానా రేవులో వచ్చే ఏడాది ఫలానా తేదీన పోటు ఎన్ని గంటలకు, ఎంత ఎత్తుకు వస్తుందో మాత్రం పట్టికలు అచ్చువేసి అమ్ముతున్నారు.

చరిత్ర

మధ్యధరా సముద్రంలో పోటు తేడా చాలా చోట్ల కొన్ని పదుల సెంటీమీటర్లకు మించదు. ప్రాచీన గ్రీకులు, రోమన్లు ఆటుపోట్ల విషయంలో తడబడడానికి అదొక కారణం. క్రీ.పూ. 325లో అలెగ్జాండర్ నావలు సింధు నది ముఖద్వారానికి చేరినప్పుడు నీరు ఉన్నట్టుండి వెనక్కి తీసింది, నావలు బురదలో కూరుకుపోయాయి. సైనికులు ఆ వింతకు తేరుకోకముందే పోటు తిరిగి వచ్చి వాటిని ఎత్తి కుదేసింది. జూలియస్ సీజర్‌కు క్రీ.పూ. 55లో బ్రిటన్ తీరంలో ఇలాంటి దెబ్బే తగిలింది. అది పున్నమి రాత్రి. అట్లాంటిక్‌లో పున్నమికి పెద్ద పోటు వస్తుందని తమవాళ్లకు తెలియదని సీజర్ స్వయంగా రాసుకున్నాడు.

అప్పటికి చాలాకాలం ముందే, క్రీ.పూ. 4వ శతాబ్దంలో, నేటి మార్సెయ్ నగరానికి చెందిన పిథియస్ అనే యాత్రికుడు బ్రిటన్ వైపు ప్రయాణించి, ఆటుపోట్లకూ చంద్రుడికీ ముడి ఉందని గమనించాడు. గుజరాత్‌లోని లోథల్‌లో బయటపడిన పెద్ద ఇటుక కట్టడాన్ని, అక్కడ తవ్వకాలు జరిపిన ఎస్.ఆర్. రావు, పోటు సాయంతో నావలను లోపలికి తెచ్చే హరప్పా కాలపు రేవుగా గుర్తించారు. అది రేవు కాదు, మంచినీటి చెరువు అనే పురావస్తు నిపుణులూ ఉన్నారు. వివాదం తేలలేదు.

ఆధునిక కాలంలో పెద్ద పొరపాటు చేసినవాడు గెలీలియో. భూమి తిరుగుడు వల్లనే సముద్రాలు ఊగుతున్నాయని 1632 నాటి గ్రంథంలో వాదించి, చంద్రుడి ప్రమేయం ఉందన్న కెప్లర్‌ను తప్పుపట్టాడు. కెప్లర్ చెప్పిందే నిజమైంది. 1687లో న్యూటన్ తన ప్రిన్సిపియాలో గురుత్వాకర్షణతో ఆటుపోట్లకు మొదటి సరైన వివరణ ఇచ్చాడు. అయితే న్యూటన్ లెక్క కదలని నీటికి సరిపోతుంది. సముద్రాన్ని పరుగెత్తే అలగా చూసి సమీకరణాలు కట్టినవాడు ఫ్రాన్స్‌కు చెందిన లాప్లాస్. అది 1770వ దశకం మాట.

తరువాత ఆ లెక్కలు యంత్రాలకు చేరాయి. 1870వ దశకం తొలినాళ్లలో విలియం థామ్సన్ (తరువాతి లార్డ్ కెల్విన్) కప్పీలూ తాడుతో పోటును ముందుగా గీసి చూపే యంత్రం చేయించాడు. ఒక్కో కప్పీ చంద్రుడిదో సూర్యుడిదో ఒక్కో లయ. అన్నిటి మీదుగా వెళ్లే తాడు చివరన కలం, ఆ లయలన్నీ కూడగా వచ్చిన గీతను కాగితం మీద గీస్తుంది. అదే పద్ధతిలో ఎడ్వర్డ్ రాబర్ట్స్ 1879లో ప్రత్యేకంగా భారతదేశపు రేవుల కోసం ఒక యంత్రం తయారుచేశాడు. 1944 జూన్‌లో నార్మండీ తీరాన మిత్రపక్షాల సేనలు దిగడానికి అనువైన తేదీలు తేల్చిందీ ఇలాంటి యంత్రాలే. లివర్‌పూల్ వద్ద ఆర్థర్ డూడ్సన్ ఆ లెక్కలు కట్టాడు. 1992లో ఎగిరిన టోపెక్స్/పొసైడన్ ఉపగ్రహం నడిసముద్రంలో పోటు ఎత్తును సెంటీమీటర్లలో కొలవడం మొదలుపెట్టాక, తీరం కనిపించని చోట్లకు కూడా లెక్క అందింది.

ఎలా పుడతాయి

చంద్రుడు సముద్రాన్ని పైకి లాగుతాడు అన్న మాట సగమే నిజం. చంద్రుడికి ఎదురుగా ఉన్న నీటిని ఆయన భూమి కేంద్రం కంటే కాస్త ఎక్కువగా లాగుతాడు, అవతలి వైపు నీటిని కాస్త తక్కువగా లాగుతాడు. పోటును పుట్టించేది ఈ తేడాయే. అందుకే ఉబ్బు ఒక వైపు కాక రెండు వైపులా వస్తుంది, రోజుకు రెండు పోట్లు పడతాయి. ఈ తేడా బలం భూమి ఆకర్షణలో దాదాపు కోటోవంతు. చెంబులో నీటిని అది ఏమీ చేయలేదు. వేల కిలోమీటర్ల పొడవునా నీటిని పక్కలకు జరుపుకుంటూ పోతే మాత్రం ఆ కాస్త బలమే కూడి సముద్రం ఉబ్బుతుంది.

సూర్యుడి బరువు చంద్రుడి కంటే దాదాపు 2 కోట్ల 70 లక్షల రెట్లు. దూరం దాదాపు 390 రెట్లు. పోటు బలం దూరపు ఘనాన్ని బట్టి పడిపోతుంది కనుక అంత బరువున్నా సూర్యుడి వాటా చంద్రుడి వాటాలో సగానికి కాస్త తక్కువే. భూమి ఒక చుట్టు తిరిగేలోగా చంద్రుడు కొంత ముందుకు జరుగుతాడు. ఆయనను మళ్లీ అందుకోవడానికి భూమికి మరో 50 నిమిషాలు పడుతుంది. కాబట్టి పోటు వేళ రోజూ దాదాపు 50 నిమిషాల చొప్పున వెనక్కి జరుగుతుంది.

ఇక అసలు చిక్కు. భూమి తిరుగుడుకు తగ్గట్టు ఉబ్బు చంద్రుడి కిందనే ఉండాలంటే భూమధ్యరేఖ వద్ద గంటకు 1,600 కిలోమీటర్ల పైగా వేగంతో పరుగెత్తాలి. సముద్రపు సగటు లోతు 4 కిలోమీటర్లకు కాస్త తక్కువ. ఆ లోతులో అంత పొడవైన అల గంటకు 700 కిలోమీటర్ల వేగాన్ని దాటలేదు. పైగా ఖండాలు అడ్డం. దాంతో నీరు చంద్రుడి వెంట పోలేక, ఒక్కో సముద్రంలో ఒక్కో కేంద్రం చుట్టూ సుడి తిరిగినట్టు తిరుగుతుంది. ఆ కేంద్రంలో పోటు తేడా దాదాపు శూన్యం. తాహితీ దీవి చంద్రుడి పోటుకు అలాంటి కేంద్రం దగ్గరే ఉంది. అక్కడ సూర్యుడి వాటాయే మిగలడంతో పోటు రోజూ మధ్యాహ్నం, అర్ధరాత్రి ప్రాంతాల్లోనే వస్తుంది.

రకాలు

తిథిని బట్టి. అమావాస్యకూ పున్నమికీ చంద్రసూర్యులు ఒకే వరుసలో ఉంటారు, రెండు బలాలూ కలుస్తాయి. అప్పుడు వచ్చేవి పర్వవేలా తరంగాలు: పోటు బాగా ఎక్కుతుంది, ఆటు బాగా దిగుతుంది. శుద్ధ, బహుళ అష్టముల దగ్గర ఇద్దరూ లంబకోణంలో ఉండి ఒకరి పని ఒకరు తగ్గిస్తారు. అప్పటివి లఘువేలా తరంగాలు. సముద్రానికి బరువు, బద్ధకం ఉన్నాయి కనుక అసలు పెద్ద పోటు చాలా తీరాల్లో పున్నమి నాడు కాక ఒకటి రెండు రోజులు ఆలస్యంగా, పాడ్యమి విదియల్లో కనిపిస్తుంది. చాంద్రమానం పాటించే తెలుగువారి పంచాంగం చూసి పోటు పెద్దదో చిన్నదో ఇట్టే చెప్పవచ్చు. తేదీల క్యాలెండర్‌లో ఆ వీలు లేదు.

రోజువారీ లెక్కను బట్టి. బంగాళాఖాతంలో, అట్లాంటిక్ తీరాల్లో రోజుకు దాదాపు సమానమైన రెండు పోట్లు, రెండు ఆట్లు. మెక్సికో సింధుశాఖలో చాలా భాగంలో రోజుకు ఒక్కటే పోటు. అమెరికా పడమటి తీరంలో రెండు వస్తాయి గాని ఒకటి పెద్దది, ఒకటి చిన్నది.

చంద్రుడి దూరాన్ని బట్టి. చంద్రుడు భూమికి దగ్గరగా వచ్చిన రోజులు పున్నమితోనో అమావాస్యతోనో కలిస్తే పోటు మరికాస్త ఎత్తుకు పోతుంది. చంద్రకక్ష్య వాలులో వచ్చే 18.6 ఏళ్ల మార్పు కూడా పోటు పట్టికల్లో చేరుతుంది.

తీరం ఆకారం, పోటు ఎత్తు

నడిసముద్రంలో పోటు తేడా మీటరు లోపే. దాన్ని పెంచేది తీరం. కెనడాలోని ఫండీ అఖాతంలో నీరు ఊగే సహజ లయ దాదాపు 13 గంటలు. చంద్రుడి తాపు 12 గంటల 25 నిమిషాలకు ఒకసారి. ఊయల ఊగే లయకు తగ్గట్టు తోస్తే ఊపు పెరిగినట్టు అక్కడ పోటు తేడా 16 మీటర్ల దాకా పోతుంది. అంటే అయిదంతస్తుల మేడ ఎత్తు నీరు ఆరు గంటల్లో ఎక్కి, మరో ఆరు గంటల్లో దిగుతుంది. ఆటువేళ నేల మీద కూర్చున్న చేపల పడవలు పోటువేళ రేవుగోడ పైఅంచుకు వస్తాయి.

భారతదేశంలో ఈ పెద్దరికం గుజరాత్‌లోని ఖంభాత్ సింధుశాఖది. గరాటులా సన్నబడుతూ పోయే ఆ తీరంలో భావనగర్ వద్ద పోటు తేడా 10 మీటర్లు దాటుతుంది. ఓడలు విరగ్గొట్టే అలంగ్ రేవు అక్కడే పుట్టడానికి కారణం ఇదే. పెద్ద పోటునాడు పాత ఓడను తన సొంత ఇంజనుతో నేరుగా ఒడ్డుకేసి నడిపిస్తారు. నీరు తీశాక వేల టన్నుల ఓడ పొడినేల మీద మిగులుతుంది. క్రేన్లతో సాధ్యంకాని పనిని ఖర్చులేకుండా చంద్రుడు చేసిపెడుతున్నాడు.

బంగాళాఖాతంలో ఉత్తరానికి పోయేకొద్దీ పోటు పెరుగుతుంది. చెన్నై దగ్గర తేడా సుమారు ఒక మీటరు. విశాఖపట్నంలో పెద్ద పోటునాడు కూడా రెండు మీటర్లు దాటదు. హుగ్లీ ముఖద్వారం దగ్గర అది నాలుగైదు మీటర్లకు చేరుతుంది. అలాంటి చోట్ల పోటు నదిలోకి నీటి గోడలా దూసుకుపోతుంది. హుగ్లీలో దాన్ని బాన్ అంటారు. చైనాలో హాంగ్‌ఝౌ దగ్గరి చియెన్‌తాంగ్ నదిలో వచ్చేది ప్రపంచంలో అన్నిటికంటే పెద్దది. దాన్ని చూడడానికి ఏటా శరదృతువులో జనం నది ఒడ్డున పోటెత్తుతారు.

పోటుగట్టు జీవులు

పోటు మట్టానికీ ఆటు మట్టానికీ మధ్య నేల రోజుకు రెండుసార్లు సముద్రం, రెండుసార్లు ఒడ్డు. అక్కడి ప్రాణి కొన్ని గంటలు మునిగి, కొన్ని గంటలు ఎండకు మాడి, వాన పడితే మంచినీటిలో తడిసి, మళ్లీ ఉప్పునీటిలో మునుగుతుంది. ఇన్ని కష్టాలున్న చోట జీవులు పలచగా ఉండాలి. చూస్తే రాతి తీరాల్లో గోరంత ఖాళీ కూడా కనిపించదు.

గొడుగు ఆకారపు చిప్ప ఉన్న లింపెట్ అనే నత్త దీనికి మంచి ఉదాహరణ. నీరున్నంతసేపూ రాతి మీద పాకుతూ నాచు గీక్కు తింటుంది. నీరు తీసే వేళకు, లింపెట్లలో చాలా జాతులు తమ పాత చోటికే తిరిగి వస్తాయి. ఆ చోట రాయి చిప్ప అంచుకు అచ్చుగుద్దినట్టు అరిగి ఉంటుంది. అందులో అతుక్కుని కూర్చుంటే లోపలి తడి ఆరిపోదు. పక్క లింపెట్ గుంటలో ఇది అమరదు.

రాతి తీరాల్లో జీవులు చారలు చారలుగా ఎందుకు ఉంటాయన్నది చాలాకాలం సులువైన ప్రశ్నగానే చలామణీ అయింది: ఎవరు ఎంత ఎండ తట్టుకుంటే వారు అంత పైన. జోసెఫ్ కానెల్ స్కాట్లాండ్‌లోని మిల్‌పోర్ట్ దగ్గర చేసి 1961లో ప్రచురించిన ప్రయోగం ఆ జవాబులో సగాన్ని మార్చేసింది. అక్కడి రాళ్ల మీద రాతికి అతుక్కుని బతికే బార్నకిల్స్ అనే జీవులు రెండు జాతులవి ఉన్నాయి, చిన్నవి పైన, పెద్దవి కింద. కానెల్ కింది రాళ్ల మీద పెద్దవాటిని ఏరేస్తే చిన్నవి అక్కడా హాయిగా పెరిగాయి. అంటే వాటిని పైకి నెట్టింది పొరుగువారి ఒత్తిడే. జీవి ఎంత పైకి పోగలదో ఎండ తేలుస్తుంది, ఎంత కిందికి రాగలదో పోటీ తేలుస్తుంది.

అమెరికా వాషింగ్టన్ రాష్ట్ర తీరంలో రాబర్ట్ పెయిన్ ఇంకో పని చేశాడు. ఒక రాతి మేర నుంచి నక్షత్ర చేపలను ఏరి ఏరి సముద్రంలోకి విసిరేశాడు. వాటి ఆహారమైన ఆల్చిప్పలు రాయంతా ఆక్రమించాయి, 15 జాతులున్న చోట 8 మిగిలాయి. ఈ ఫలితం 1966లో వెలువడింది. ‘కీలక జాతి’ అనే భావన పర్యావరణ శాస్త్రంలోకి వచ్చింది ఈ పోటుగట్టు నుంచే.

మడ అడవులు

బురద తీరాల్లో పోటును భరించేది మడ. కాకినాడ దగ్గర గోదావరి మొగల్లో సుమారు 235 చదరపు కిలోమీటర్ల కోరంగి అభయారణ్యం ఇలాంటిదే. దాన్ని 1978లో ప్రకటించారు. పాటువేళ పడవలో పాయ వెంట పోతే రెండు వైపులా బురదగట్ల మీద పెన్సిళ్లు తలకిందులుగా గుచ్చినట్టు వేల వేర్లు నిక్కి కనిపిస్తాయి. అవి మడ చెట్టు శ్వాసవేర్లు. నీటితో నిండిన బురదలో ప్రాణవాయువు ఉండదు, అందుకని చెట్టు వేర్లను పైకి పంపి గాలి పీలుస్తుంది. రైజోఫోరా జాతి చెట్లది మరో ఉపాయం. విత్తనం కాయలో ఉండగానే మొలకెత్తి, జానెడు పొడవు మొలకగా చెట్టునే వేలాడుతుంది. కింద పడితే బురదలో దిగబడుతుంది, లేదా పోటు మీద తేలి కొత్త చోటికి పోతుంది.

ఆ బురద మీదే చేపలు గెంతుతుంటాయి. ఈ మడ్‌స్కిప్పర్లు మొప్పల గదుల్లో కాస్త నీరు నిలవ పెట్టుకుని, తడి చర్మంతోనూ నోటి లోపలి పొరతోనూ గాలి పీలుస్తాయి. ముందు రెక్కలను మోచేతుల్లా ఆనించి నడుస్తాయి. కళ్లు నడినెత్తిన ఉంటాయి, అవి ఆరిపోతుంటే లోపలికి లాక్కుని తడిపి మళ్లీ పైకి తెస్తాయి. పక్కనే ఒక చేతి కొండి మాత్రం ఒంటికంటే పెద్దదిగా ఉన్న ఫిడ్లర్ మగపీత, దాన్ని ఊపుతూ ఆడపీతను పిలుస్తుంటుంది. నీరు ఎక్కే వేళకు అది బొరియలోకి దూరి మూత వేసుకుంటుంది. చేపల కోసం రాత్రిపూట పాయ అంచున కాపు కాసే నీటిపిల్లులకూ కోరంగి ఆవాసమే.

జీవుల లోపలి గడియారం

పోటు వచ్చాక కదలడం కంటే రాబోతోందని ముందే తెలియడం మేలు. ఫ్రాన్స్‌లోని బ్రిటనీ తీరంలో మిల్లీమీటర్లలో కొలిచే ఒక ఆకుపచ్చ పురుగు ఉంది. దాని ఒంట్లో నాచు కాపురం ఉంటుంది. ఆటువేళ పగలు పురుగులు లక్షలుగా ఇసుక పైకి వచ్చి నాచుకు ఎండ చూపిస్తాయి. పోటు తగిలే ముందే లోపలికి దిగిపోతాయి. వాటిని ఇసుకతో సహా ప్రయోగశాలలోని గాజు తొట్టెలో పెట్టినా, అలలూ ఆటూ లేని ఆ తొట్టెలో కొన్ని రోజుల పాటు తమ తీరపు వేళలకే పైకీ కిందికీ తిరుగుతాయి.

సంతానం విషయంలో ఈ లెక్క ఇంకా కచ్చితం. కాలిఫోర్నియా తీరంలో గ్రునియన్ అనే వెండి రంగు చేప వసంత, వేసవి మాసాల్లో అమావాస్య, పున్నమిల తరువాతి మూడు నాలుగు రాత్రులు ఒడ్డెక్కుతుంది. పెద్ద పోటు గరిష్ఠం దాటగానే అల మీద వచ్చి, ఆడచేప తోకతో ఇసుకలోకి దిగబడి గుడ్లు పెడుతుంది, మరో అల మీద వెళ్లిపోతుంది. తరువాతి పోట్లు అంత ఎత్తుకు రావు, గుడ్లు రెండు వారాల దాకా తడి ఇసుకలో భద్రంగా ఉంటాయి. మళ్లీ పెద్ద పోటు వచ్చి ఇసుకను కదిపినప్పుడు గుడ్లు పగిలి పిల్లలు నీటిలో పడతాయి.

సమోవా దీవుల్లో పలోలో పురుగులు అక్టోబరు, నవంబరుల్లో బహుళ అష్టమి ప్రాంతంలో సంతానం కోసం నీటిపైకి వస్తాయి. దీవివాసులు వలలు పట్టుకుని ఆ రాత్రి కోసం ఎదురుచూస్తారు. వాళ్లకది ఇష్టమైన తిండి. ఆస్ట్రేలియా గ్రేట్ బ్యారియర్ రీఫ్‌లో వందకు పైగా జాతుల పగడపు జీవులు ఏటా పున్నమి వెళ్లిన కొద్ది రాత్రులకు ఒకేసారి గుడ్లు వదులుతాయని 1980వ దశకంలో వెల్లడైంది. అమెరికాలోని డెలావేర్ అఖాతంలో మే, జూన్ నెలల పెద్ద పోట్లకు గుర్రపునాడా పీతలు ఒడ్డెక్కి గుడ్లు పెడతాయి. దక్షిణ అమెరికా నుంచి ఆర్కిటిక్‌కు పోయే రెడ్ నాట్ పక్షులు దారిలో ఆ గుడ్లు తిని ఒళ్లు చేస్తాయి. ఒక తీరంలో పోటు రాత్రికీ ధ్రువప్రాంతంలో గూళ్లకూ అలా ముడి పడింది. ఈ పీతల భారత బంధువులు ఒడిశా, బెంగాల్ తీరాల్లో కనిపిస్తాయి.

ఉప్పెన, సునామీ

ఈ రెంటినీ పోటుతో కలిపి మాట్లాడడం మామూలే గాని, మూడింటికీ కారణాలు వేరు. ఉప్పెన తుపాను పని. ఈదురుగాలి సముద్రాన్ని తీరం మీదికి నెడుతుంది, తుపాను కేంద్రంలో గాలి ఒత్తిడి తక్కువ కనుక నీరు అక్కడ కొంత ఉబ్బుతుంది. సునామీ సాధారణంగా సముద్రగర్భ భూకంపం వల్ల పుడుతుంది. 2004 డిసెంబరు 26 పున్నమి కావడంతో ఆనాటి సునామీకి చంద్రుణ్ణి కారణంగా చెప్పినవారున్నారు. ఆ విపత్తు సుమత్రా దగ్గరి భూకంపం వల్ల వచ్చింది.

అయినా పోటు వేళ ప్రాణాలు నిలపగలదు, తీయగలదు. ఉప్పెన పాటువేళ వస్తే దాని ఎత్తులోంచి కొంత తగ్గుతుంది, పోటువేళ వస్తే పోటు మీద ఉప్పెన ఎక్కుతుంది. 1970 నవంబరులో నేటి బంగ్లాదేశ్ తీరాన్ని ముంచిన భోలా తుపాను ఉప్పెన పోటుతో కలిసింది. మృతుల అంచనాలు 3 లక్షల నుంచి 5 లక్షల దాకా ఉన్నాయి. 1977 నవంబరు 19న దివిసీమను ఊడ్చిన ఉప్పెన ఎత్తు అయిదు మీటర్ల పైమాటే. అధికారిక లెక్క ప్రకారమే దాదాపు 10,000 మంది చనిపోయారు. పోటు తేడా రెండు మీటర్లు లేని తీరం కనుక అక్కడ గట్లూ గుడిసెలూ అంత నీటిని ఎన్నడూ ఎరగవు.

నేడు దేశంలోని సునామీ హెచ్చరిక కేంద్రం సముద్రానికి వందల కిలోమీటర్ల దూరాన, హైదరాబాద్‌లోని సముద్ర సమాచార సంస్థ ఇన్‌కాయిస్‌లో ఉంది. 2007 అక్టోబరు నుంచి పనిచేస్తున్న ఆ కేంద్రానికి తీరం వెంట ఉన్న పోటు మాపకాల నుంచి నీటిమట్టం లెక్కలు నిరంతరం అందుతాయి. లెక్క ప్రకారం రావలసిన పోటును తీసేస్తే మిగిలేదే ప్రమాద సూచన.

మనుషుల వాడకం

రేవులు పోటు వేళలతో నడుస్తాయి. హుగ్లీ మీది కోల్‌కతా, హల్దియా రేవులకు భారీ ఓడలు పోటు ఆసరాతో వస్తాయి. తీరాల వెంట ఉప్పుమడులకు పోటు నీటినే కాలువల్లోకి తెస్తారు. పాయల్లో వలకట్టే జాలర్లకు పోటు ఎప్పుడు, పాటు ఎప్పుడన్నదే పనివేళ.

కరెంటు తీయడం మీద ఆశలు పెద్దవి, ఫలితాలు చిన్నవి. ఫ్రాన్స్‌లోని రాన్స్ నదీముఖంలో 1966లో మొదలైన 240 మెగావాట్ల కేంద్రం ఇప్పటికీ నడుస్తోంది. దక్షిణ కొరియాలో 2011లో వచ్చిన సిహ్వా కేంద్రం సామర్థ్యం 254 మెగావాట్లు. ఈ రెండూ తప్ప పెద్దవి లేవు. రాన్స్ కట్టే మూడేళ్లూ నదీముఖాన్ని సముద్రం నుంచి పూర్తిగా మూసేశారు. లోపలి జీవజాతులు చాలావరకు నశించాయి, అవి మళ్లీ కుదురుకోవడానికి పదేళ్లు పట్టింది. భారతదేశంలో ఖంభాత్, కచ్ సింధుశాఖలకూ సుందర్‌బన్స్‌కూ ప్రతిపాదనలు వచ్చి కాగితాల దగ్గరే ఆగాయి.

సముద్రమట్టం పెరుగుదల పోటు లెక్కను కొత్తగా ముఖ్యం చేసింది. 1901 నుంచి 2018 మధ్య ప్రపంచ సగటు మట్టం సుమారు 20 సెంటీమీటర్లు పెరిగింది. ఒకప్పుడు వీధి అంచున ఆగిన పెద్ద పోటు ఇప్పుడు వీధిలోకి వస్తోంది. వెనిస్ నగరం మడుగు ద్వారాలకు 78 కదిలే తలుపులు కట్టించి 2020 అక్టోబరులో మొదటిసారి పోటును బయటే ఆపింది.

భూమి, చంద్రుడి మీద ప్రభావం

ఉబ్బేది నీరొక్కటే కాదు. గట్టినేల కూడా రోజుకు రెండుసార్లు 30 సెంటీమీటర్ల దాకా లేచి దిగుతుంది, చుట్టూ ఉన్నదంతా కలిసి లేస్తుంది కనుక ఎవరికీ తెలియదు. జెనీవా దగ్గర 27 కిలోమీటర్ల చుట్టుకొలత ఉన్న ఎల్‌ఈపీ కణ త్వరణ యంత్రం చంద్రుడి వల్ల దాదాపు ఒక మిల్లీమీటరు సాగి కుదించుకుపోయేది. 1990వ దశకంలో శాస్త్రవేత్తలు కణాల శక్తి లెక్కల్లో ఆ తేడాను సరిచేసుకోవలసి వచ్చింది.

సముద్రపు అడుగుతో పోటు రాపిడి వల్ల భూమి తిరుగుడు మెల్లగా నెమ్మదిస్తోంది, చంద్రుడు దూరం జరుగుతున్నాడు. 1969లో అపోలో 11 యాత్రికులు అక్కడ పెట్టి వచ్చిన అద్దాల మీదికి లేజరు కిరణాలు పంపి కొలిస్తే ఆ దూరం ఏడాదికి 3.8 సెంటీమీటర్లని తేలింది. గత కాలపు లెక్క పగడాల్లో ఉంది. కొన్ని పగడాలు తమ గూటి గోడకు రోజుకొక సన్నని గీత చొప్పున చేర్చుకుంటూ పోతాయి. 1963లో అమెరికా శాస్త్రవేత్త జాన్ వెల్స్ దాదాపు 38 కోట్ల ఏళ్ల నాటి డెవోనియన్ పగడపు శిలాజాల మీద ఒక ఏడాది ఎదుగుదలలోని గీతలు లెక్కపెట్టాడు. సుమారు 400 వచ్చాయి. అప్పట్లో ఏడాదికి 400 రోజులు, రోజుకు 22 గంటలు.